కెమెరా ఎవరి పక్కన కూర్చుంది
(ముందుమాట)

తెలుగులో సినిమా మీద పుస్తకాలకు కొదవ లేదు. నటుల జీవిత చరిత్రలు, దర్శకుల జ్ఞాపకాలు, పాటల పుస్తకాలు ఏటా వస్తూనే ఉన్నాయి. డాక్యుమెంటరీ దగ్గరికి వచ్చేసరికి మన అలమర వెలవెలబోతుంది. హైదరాబాదులో 1953లో పుట్టి, బెంగళూరులో స్థిరపడి, నలభై ఏళ్లకు పైగా ఈ దేశపు స్త్రీల బతుకును, న్యాయాన్ని, కులాన్ని, మతకలహాలను తెర మీదికి తెచ్చిన దీపా ధన్‌రాజ్ పేరు మన ఇళ్లలో ఎంతమందికి తెలుసు? ఉద్యమాల్లో తిరిగినవాళ్లకు తెలుసు. విశ్వవిద్యాలయాల్లో స్త్రీల అధ్యయనం చదివినవాళ్లకు తెలుసు. మామూలు తెలుగు పాఠకురాలికి తెలియదు. ఆ లోటు తీర్చడానికి మా మండలం పిల్ల ఒకతె పూనుకోవడం, దానికి నాలుగు మాటలు రాయమని నన్ను అడగడం నాకు పట్టరాని సంతోషం.

నేను సినిమా పండితురాలిని కాను. మంత్రాలయం, కోసిగి, పెద్దకడుబూరు బడుల్లో సాంఘిక శాస్త్రం చెప్పి రిటైరైన పంతులమ్మను. ఈ పుస్తకం రాసిన అమ్మాయి నా తరగతిలోనే కూర్చుని చదువుకుంది. సంక్రాంతి దాటిందంటే సగం బల్లలు ఖాళీ అయ్యే తరగతి అది. కర్నూలు జిల్లా పడమటి మండలాల్లో ఉన్నవాళ్లకు సుగ్గి అంటే ఏమిటో చెప్పనక్కరలేదు. వానలు మొగం చాటేస్తే, వచ్చిన కాస్త పంటా చేతికి రాకపోతే, ఇంటికి తాళం వేసి ముసలివాళ్లను అరుగు మీద వదిలి, పిల్లలను చంకనేసుకుని గుంటూరు మిరప చేలకు పోవడం. పోయినవాళ్లు ఉగాదికో, ఆ తర్వాతో తిరిగివస్తారు. ఆ పిల్లల్లో కొందరు మళ్లీ బడి మొగం చూడరు. పత్తి విత్తనాల చేలల్లో క్రాసింగ్ (పూలకు చేత్తో పుప్పొడి అంటించే) పనికి పోయిన ఆడపిల్లల సంగతి సరేసరి. ఆ తరగతిలో పెరిగిన పిల్ల డాక్యుమెంటరీల మీద పుస్తకం రాసిందంటే, ఆ పుస్తకంలో సినిమా కబుర్లకు మించినది ఏదో ఉంటుందని చదవకముందే అనుకున్నాను. చదివాక ఆ నమ్మకం గట్టిపడింది.

పుస్తకం 1980తో మొదలవుతుంది. అది సరైన చోటు. ఆ ఏడాది దీపా ధన్‌రాజ్, అభా భయ్యా, మీరా రావు, ఛాయాగ్రాహకుడు నవ్రోజ్ కాంట్రాక్టర్ కలిసి 'యుగాంతర్' అనే బృందాన్ని ఏర్పాటు చేసుకున్నారు. స్త్రీల ఉద్యమం కోసం, స్త్రీలతో కలిసి సినిమాలు తీసిన బృందాల్లో మన దేశంలో మొదటిది అదేనని చెబుతారు. అయితే ఆ బృందం ఆకాశం నుంచి ఊడిపడలేదు. ఎమర్జెన్సీ చీకటి అప్పుడప్పుడే తొలగింది. 1978లో హైదరాబాదు పోలీసు స్టేషనులో రమీజాబీ అనే స్త్రీ మీద జరిగిన అత్యాచారానికి నగరం భగ్గుమంది. మథుర అత్యాచారం కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పును నిలదీస్తూ 1979లో నలుగురు న్యాయ అధ్యాపకులు రాసిన బహిరంగ లేఖ ఊరూరా తిరిగింది. వరకట్న చావులు స్టవ్ ప్రమాదాల పేరుతో ఆసుపత్రి రిజిస్టర్లకు ఎక్కుతున్న రోజులవి. హైదరాబాదులో స్త్రీశక్తి సంఘటన, ఢిల్లీలో, బొంబాయిలో, పూనాలో మరెన్నో బృందాలు పుట్టుకొస్తున్నాయి. ఆ వేడిలో యుగాంతర్ నాలుగు చిన్న సినిమాలు తీసింది. పూనాలో ఇళ్లలో పనిచేసే స్త్రీలు సంఘం కట్టుకున్న కథ 'మోల్‌కరీణ్'. నిప్పాణి పొగాకు కార్ఖానాల స్త్రీల కథ 'తంబాకు చాకిల ఊబ్ అలి'. మన తెలుగులో తీసిన 'ఇది కథ మాత్రమేనా'. చిప్కో ఉద్యమంలో నిలబడిన ఒక కొండ ఊరి స్త్రీ గురించిన 'సుదేశ'. 1981, 1983 మధ్యనే ఈ నాలుగూ పూర్తయ్యాయి. ఒక్కోటీ చూడడానికి పట్టే సమయం అరగంట.

అరగంట సినిమాకు ఎంత ముందు పని చెయ్యాలో ఈ పుస్తకంలో నిప్పాణి అధ్యాయం చదివితే తెలుస్తుంది. యుగాంతర్ బృందం నిప్పాణిలో నాలుగు నెలలు ఉంది. కర్ణాటక, మహారాష్ట్ర సరిహద్దున ఉన్న ఊరు అది. మన మంత్రాలయంలో తెలుగు, కన్నడం ఎట్లా కలిసి నడుస్తాయో అక్కడ మరాఠీ, కన్నడం అట్లా నడుస్తాయి. బీడీ పొగాకును దంచి, జల్లించి, దుమ్ములో ఊపిరి సలపక పనిచేసే స్త్రీలు వేలమంది. కార్ఖానా లోపలికి అంతకుముందు కెమెరా పోయింది లేదు. వీళ్లు పోయారు. అయితే పోగానే కెమెరా తెరవలేదు. ముందు విన్నారు. ఏది తియ్యాలి, ఎక్కడ తియ్యాలి, ఏ సంఘటనను మళ్లీ నటించి చూపాలి అన్నది ఆ స్త్రీలతో కలిసి తేల్చుకున్నారు. సమ్మె ఎట్లా మొదలైందో, సూపర్‌వైజర్లు ఎట్లా ప్రవర్తించేవారో, సంఘంలో చేరడానికి మొదట ఎందుకు జంకారో ఆ స్త్రీలే చెప్పారు, కొన్ని చేసి చూపించారు. నలుపు తెలుపుల 16 ఎం.ఎం. ఫిల్ములో పట్టిన ఆ మొగాల్లో దీనత్వం వెతికితే దొరకదు. వాళ్లు మనకు విషయం చెబుతున్నారు. తమ పని గురించి తమకంటే తెలిసినవాళ్లు ఎవరూ లేరన్న ధీమాతో చెబుతున్నారు.

దీపా ధన్‌రాజ్ పనిలో నాకు అన్నిటికంటే విలువైనదిగా కనిపించేది ఇదే. కష్టంలో ఉన్న మనిషిని చూపించి జాలి పుట్టించడం తేలిక. ఆ మనిషి తన కష్టం గురించి ఆలోచిస్తుందని, తర్కిస్తుందని, దానికి పరిష్కారం వెతుకుతుందని చూపించడం కష్టం. మొదటి పద్ధతిలో కెమెరా ఎదురుగా నిలబడుతుంది. రెండో పద్ధతిలో పక్కన కూర్చుంటుంది. నాలుగు దశాబ్దాల్లో విషయాలు ఎన్ని మారినా ఆమె కెమెరా ఆ పక్క చోటును వదల్లేదు. ఈ పుస్తకం అధ్యాయం తర్వాత అధ్యాయం నిరూపించేది అదే.

మాకు ఇటువంటి తేడా బాగా తెలుసు. 2009 అక్టోబరు మొదట్లో తుంగభద్ర పొంగి మంత్రాలయాన్ని ముంచింది. రాఘవేంద్రస్వామి మఠం నీళ్లలో మునిగిన బొమ్మ దేశమంతా చూసింది. టీవీ బండ్లు వరసకట్టాయి. నీళ్లు తీసినాక బురదలో బియ్యం ఏరుకున్న ఇళ్ల సంగతి, తడిసి ముద్దయిన పట్టాదారు పుస్తకాల సంగతి, ఆ ఏడాది సుగ్గికి పోవలసివచ్చిన కుటుంబాల సంగతి తీయడానికి వచ్చిన కెమెరాను నేను చూడలేదు. వార్తకు మూడు రోజులు చాలు. నీళ్లు పోయిన తర్వాత మనిషి ఎట్లా నిలదొక్కుకుంటాడో చెప్పాలంటే మూడు రోజులు చాలవు.

నిప్పాణి అధ్యాయం గురించి ఇంకొకటి చెప్పాలి, ఎందుకంటే రచయిత్రి తన పుస్తకంలో దాన్ని రెండు వాక్యాల్లో దాటేసింది. ఆ సినిమాను ఆమె కోసిగి మండలంలో ఒక పల్లెకు తెచ్చి ఆడించింది. గుంటూరు నుంచి జనం తిరిగొచ్చిన ఎండాకాలం అది. బడి ప్రొజెక్టరు, ఆంజనేయస్వామి గుడి గోడ మీద కట్టిన తెల్ల పంచె. సినిమా మరాఠీలో నడుస్తుంటే ఈ అమ్మాయి మైకు పట్టుకుని తెలుగులో చెబుతూ పోయింది, మధ్యమధ్య ముసలమ్మల కోసం కన్నడంలోకి దిగింది. పొగాకు దుమ్ము తెర నిండా లేచినప్పుడు వెనక వరసలో ఎవరో దగ్గారు, నలుగురు నవ్వారు, మళ్లీ నిశ్శబ్దం. సినిమా అయిపోయినాక ఎవరూ లేవలేదు. నడివయసు స్త్రీ ఒకామె ముందుగా నోరు విప్పింది. "వాళ్లు దినామూ ఒకే గేటులో పోయి ఒకే గేటులో వస్తారు గదమ్మా. ఒకరి మొగం ఒకరు చూస్తారు. మేము ఏడాదికొక రైతు చేన్లో ఉంటాము. పక్క గుంపోళ్లు ఏ ఊరోళ్లో గూడా తెలీదు. మేము యాడ కూడేది, యాడ మాట్లాడేది?"

ఇంకొకామె కూలీలను కుదిర్చే మేస్త్రీ సంగతి ఎత్తింది. ముందుగా ఇచ్చిన అడ్వాన్సు చూపించి నోరెత్తనివ్వడని చెప్పింది. కాటా దగ్గర తూకం తప్పుతుందని మూడో ఆమె అన్నది. మిరప ఘాటుకు మండే చేతులతో రాత్రి పిల్లకు అన్నం కలపలేక పక్కింటామెను పిలిచిన సంగతి ఒక చిన్నది చెప్పింది. మాట్లాడుతూ మాట్లాడుతూ వాళ్లే ఒక దారి తేల్చారు. గుంటూరులో కాకపోయినా, పోయే ముందు ఊళ్లోనే కూర్చుని కూలి ఎంత, తూకం ఎవరు చూడాలి, పిల్లలను ఎక్కడ ఉంచాలి అని మేస్త్రీతో అందరూ ఒకే మాట మాట్లాడుకోవాలని. ఆ ఒప్పందం నిలిచిందా లేదా అన్నది వేరే విషయం. అచ్చంగా ఇటువంటి రాత్రుల కోసమే యుగాంతర్ ఆ సినిమాలు తీసింది. ప్రొజెక్టరు మోసుకుని బస్తీలకు, కార్ఖానాలకు, సంఘాలకు తిరిగింది. నిప్పాణి స్త్రీల మాట దాదాపు నలభై ఏళ్ల తర్వాత, భాష తెలియని ఊళ్లో, వేరే పంట కూలీల మధ్య ఇంత చర్చ పుట్టించగలిగిందంటే ఆ సినిమా బతికే ఉందన్నమాట. రెండో ముద్రణలోనైనా ఈ సంగతి వివరంగా రాయమ్మా అని రచయిత్రికి నా ఆజ్ఞ.

'ఇది కథ మాత్రమేనా' మన సొంతం. మొదటి రెండు సినిమాల్లా కాకుండా ఇది కల్పిత కథ. స్త్రీశక్తి సంఘటన సభ్యులు తమ అనుభవాల్లోంచి కథ అల్లి, తామే పాత్రలు వేశారు. చదువుకున్న మధ్యతరగతి ఇల్లు. అక్కడ కొట్టడం కంటే ముందు వచ్చేది నోరు మూయించడం. భార్య క్రమక్రమంగా తనలోకి తాను ముడుచుకుపోతుంది. ఆ ఒంటరితనాన్ని, దిగులును ఈ సినిమా పట్టుకున్నంత దగ్గరగా ఆ రోజుల్లో మన కథాచిత్రాలు పట్టుకున్నాయని నేననుకోను. వెండితెర మీద భర్త చేతి దెబ్బ తిన్న భార్య మరుసటి సీనులో పసుపు తాడు కళ్లకద్దుకునే కాలం అది. ఈ సినిమా వచ్చిన 1983లోనే, డిసెంబరులో, భర్త, అత్తింటివాళ్ల క్రూరత్వాన్ని నేరంగా గుర్తించే 498-ఎ సెక్షన్ శిక్షాస్మృతిలోకి వచ్చింది. చట్టం రావడానికి ఊరేగింపులు, ధర్నాలు కారణం. చట్టం వచ్చినాక కూడా పోలీసు స్టేషను మెట్టెక్కడానికి ఒక ఆడమనిషికి ఎంత ధైర్యం కావాలో, ఆ ధైర్యం స్నేహితురాలి దగ్గరినుంచి ఎట్లా వస్తుందో చెప్పడానికి సినిమా కావలసివచ్చింది. మూడేళ్ల తర్వాత ఇదే స్త్రీశక్తి సంఘటన తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీల చేత వాళ్ల కథలు చెప్పించి 'మనకు తెలియని మన చరిత్ర' తెచ్చింది. ఆ పుస్తకం చదివినవారు ఈ సినిమా కూడా చూడాలి. రెండింటి వెనకా ఉన్నది ఒకే నమ్మకం.

1984 హైదరాబాదు మతకలహాల మీద తీసిన 'క్యా హువా ఇస్ షహర్ కో' అధ్యాయం చదువుతుంటే నాకు ఊపిరి బిగబట్టినట్టయింది. ఒక పక్క, రాష్ట్రంలో ఎన్.టి. రామారావు ప్రభుత్వాన్ని కూలదోసి నాదెండ్ల భాస్కరరావును గద్దెనెక్కించిన ఆగస్టు రాజకీయం. ఇంకో పక్క పాతబస్తీలో ఊరేగింపులు, ఉపన్యాసాలు, కర్ఫ్యూ. మత సామరస్యం కోసం పనిచేసే 'హైదరాబాద్ ఏక్తా' కార్యకర్తలతో కలిసి దీపా బృందం ఆ రోజుల్లోనే వీధుల్లో ఉంది. రెండు వైపుల నాయకుల ఉపన్యాసాలనూ ఆ సినిమా వాళ్ల నోటితోనే వినిపిస్తుంది. ఆ పక్కనే కర్ఫ్యూలో పనిలేక పస్తులున్న ఇళ్లను, చచ్చిపోయినవాళ్ల బంధువులను చూపిస్తుంది. ఆవేశం ఎవరికి లాభం, ఆకలి ఎవరికి మిగిలింది అన్న లెక్క చూసేవాళ్లకే అర్థమవుతుంది. 1986లో పూర్తయిన ఈ సినిమాను బెర్లిన్‌లోని ఆర్సెనల్ సంస్థ డిజిటల్ రూపంలో పునరుద్ధరించి 2013లో బెర్లిన్ చిత్రోత్సవంలో మళ్లీ చూపించింది. యుగాంతర్ సినిమాలు కూడా తర్వాత అదే సంస్థ చొరవతో కొత్త ఊపిరి పోసుకున్నాయి. హైదరాబాదు గాయపు జ్ఞాపకాన్ని పదిలపరిచే పని బెర్లిన్ చేసిందంటే మనం కొంచెం ఆలోచించుకోవాలి. మన విశ్వవిద్యాలయాలు, మన రాష్ట్రాల సినిమా సంస్థలు ఇటువంటి చిత్రాలను భద్రపరిచే పని ఎప్పుడు మొదలుపెడతాయి?

ఇక 'సమ్‌థింగ్ లైక్ ఎ వార్'. ఈ అధ్యాయాన్ని నేను మళ్లీ మళ్లీ చదివాను, ఎందుకంటే ఇది నా ఉద్యోగ జీవితంలో నేను కళ్లారా చూసిన కథ. 1991లో వచ్చిన ఈ చిత్రం విషయం కుటుంబ నియంత్రణ. ఎమర్జెన్సీ కాలంలో, 1976-77 ఒక్క ఏడాదిలోనే, దేశంలో 80 లక్షలకు పైగా ఆపరేషన్లు జరిగాయి. ఎక్కువమంది మగవాళ్లు. ఆ బలవంతపు ఆపరేషన్ల మీద జనం కోపం ప్రభుత్వాన్ని ఎన్నికల్లో కూల్చిన కారణాల్లో ఒకటైంది. ఆ దెబ్బతో ప్రభుత్వాలు ఒక పాఠం నేర్చుకున్నాయి, మగవాళ్ల జోలికి పోకూడదని. భారమంతా ఆడవాళ్ల ఒంటి మీదికి వచ్చింది. ఉపాధ్యాయులకు, నర్సులకు, గ్రామ సేవకులకు కోటాలు. నెలాఖరుకు ఇన్ని కేసులు తేవాలి. తేకపోతే జీతం ఆపుతామని బెదిరింపు. మనిషిని కేసు అనడం అప్పటినుంచి ఎంత అలవాటైపోయిందంటే, ఆ మాట మాకు వింతగా కూడా తోచేది కాదు. కేంద్ర ప్రభుత్వం ఈ లక్ష్యాల పద్ధతిని 1996లో ఎత్తేసింది. కానీ అలవాటు కాగితం మీద రద్దయినంత తేలికగా పోదు. 2014 నవంబరులో ఛత్తీస్‌గఢ్‌లోని బిలాస్‌పూర్ దగ్గర శిబిరంలో కొన్ని గంటల వ్యవధిలో 83 మంది స్త్రీలకు ఆపరేషన్లు చేశారు. 13 మంది చనిపోయారు. ఆ శిబిరాలు మానేయమని సుప్రీంకోర్టు 2016లో చెప్పవలసివచ్చింది.

సినిమా రెండు లోకాలను పక్కపక్కన పెడుతుంది. ఒకటి అధికారుల, జనాభా నిపుణుల, శిబిరాల లోకం. అక్కడ ఒక డాక్టరు తాను చేసిన ఆపరేషన్ల లెక్క గర్వంగా చెప్పుకుంటాడు. బల్ల మీద పడుకున్న స్త్రీ మొగం వైపు ఆయన చూపు పోదు. రెండో లోకంలో పల్లె స్త్రీలు గుండ్రంగా కూర్చుని ఆడమనిషి ఒంటి బొమ్మ గీస్తారు. నెలసరి గురించి, కోరిక గురించి, పిల్లలు ఎందుకు కావాలో, ఎందుకు వద్దో మాట్లాడుకుంటారు, నవ్వుకుంటారు, వాదించుకుంటారు. ఆ గుండ్రటి కూర్పులో కూర్చున్న స్త్రీల తెలివి ముందు నిపుణుల పట్టికలు చిన్నబోతాయి. ఈ చిత్రాన్ని హైదరాబాదు చరిత్రతో కలిపి చదవడం రచయిత్రి చేసిన మంచి పని. 1985లో పటాన్‌చెరు ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో నెట్-ఎన్ అనే గర్భనిరోధక సూది మందును స్త్రీల మీద ప్రయోగిస్తుంటే, అది ప్రయోగమన్న సంగతి వాళ్లకు సరిగ్గా చెప్పలేదని స్త్రీశక్తి సంఘటన వాళ్లు అడ్డుకున్నారు. మరుసటి ఏడాది మిగతా సంఘాలతో కలిసి సుప్రీంకోర్టుకు పోయారు. ఆ పోరాటం తెలియకుండా ఈ సినిమా అర్థం కాదు.

ఈ రోజుకు కూడా ఆంధ్రప్రదేశ్‌లో పెళ్లయిన స్త్రీలలో నూటికి దాదాపు డెబ్బై మంది ఈ ఆపరేషన్ చేయించుకున్నవాళ్లే. మగవాళ్లు నూటికి ఒక్కరు కూడా లేరు. ఇద్దరు పిల్లలు దాటితే పంచాయతీ ఎన్నికల్లో నిలబడకూడదని 1994లో చట్టం చేశాం. 2024లో ఆ నిబంధన తీసేశాం. ఇప్పుడు ఎక్కువమందిని కనమని ముఖ్యమంత్రే చెబుతున్నారు. వద్దన్నప్పుడూ ఆడవాళ్లను అడగలేదు, కావాలన్నప్పుడూ అడగడం లేదు. దీపా ధన్‌రాజ్ 1991లో వేసిన ప్రశ్న మూడు దశాబ్దాల తర్వాత తలకిందులై మళ్లీ మన గుమ్మంలో నిలబడింది. ఈ అధ్యాయాన్ని మా జిల్లాలోని ప్రతి ఆశా కార్యకర్తకూ చదివి వినిపించాలని నా కోరిక.

ఆ తర్వాతి చిత్రాల గురించి రచయిత్రి వేగంగా నడిచింది. కర్ణాటకలో పంచాయతీలకు ఎన్నికైన స్త్రీల కోసం తీసిన 'ఇట్ట హెజ్జె ముందక్కె' వంటి శిక్షణ చిత్రాలకు ఒక్క పేజీయే దక్కింది. సర్పంచి కుర్చీలో భార్య, సంతకం భర్తది అన్న పరిస్థితి తుంగభద్రకు ఈ ఒడ్డునా ఆ ఒడ్డునా ఒకటే కనుక, అది ఇంకొంచెం సాగదీయవలసిన చోటు. 2011 నాటి 'ఇన్‌వోకింగ్ జస్టిస్' గురించి కూడా నాకు తృప్తి కలగలేదు. తమిళనాడు పుదుక్కోట్టైలో షరీఫా ఖానం నాయకత్వాన ముస్లిం స్త్రీలు సొంతంగా జమాత్ (తగవులు తీర్చే సభ) ఏర్పరచుకుని, మగవాళ్ల జమాత్‌లు పట్టించుకోని తలాక్, మనోవర్తి, అనుమానాస్పద మరణాల కేసులు విచారించిన వైనం అది. ఆదోని, ఎమ్మిగనూరు, కర్నూలు పట్టణాల్లో ఎంతమంది ముస్లిం ఆడపిల్లలు ఈ పుస్తకం చదువుతారో! వాళ్లకు ఆ అధ్యాయమే ముందు కనబడాలి.

'ది అడ్వొకేట్' మీద రాసిన పేజీలు మాత్రం నిండుగా ఉన్నాయి. 2007లో వచ్చిన ఈ చిత్రం పౌరహక్కుల న్యాయవాది కె.జి. కన్నబిరాన్ జీవితం. నక్సలైట్ల మీద పెట్టిన పార్వతీపురం కుట్రకేసు నుంచి, ఎమర్జెన్సీలో జరిగిన ఎన్‌కౌంటర్ల మీద తార్కుండే కమిటీ పని దాకా, ఆ తర్వాతి దశాబ్దాల దాకా, ఆంధ్రప్రదేశ్‌లో రాజ్యాంగం ఎక్కడెక్కడ గాయపడిందో ఒక మనిషి వాదించిన కేసుల గుండా చెబుతుంది. కన్నబిరాన్ గారు 2010 డిసెంబరులో కన్నుమూశారు. ఆయన గొంతు, ఆయన హాస్యం, వాదనలో ఆయన కూర్చే మాటల పొందిక ఇవాళ్టి న్యాయవిద్యార్థులకు అందుతున్నాయంటే ఈ సినిమా చలవే.

2016 జనవరి 17న హైదరాబాదు కేంద్రీయ విశ్వవిద్యాలయంలో పరిశోధక విద్యార్థి రోహిత్ వేముల ప్రాణం తీసుకున్నాడు. అప్పటికి దీపా ధన్‌రాజ్ అరవై దాటిన మనిషి. ఆ వయసులో ఆమె విద్యార్థుల మధ్యకు వెళ్లింది. విద్యార్థులు నిరసనగా వేసుకున్న 'వెలివాడ' గుడారం చుట్టూ జరిగిన సభలు, ఊరేగింపులు, లాఠీలు, పాటలు, రాత్రిపూట జరిగిన వాదనలు తీసి 2018లో 'వి హ్యావ్ నాట్ కమ్ హియర్ టు డై' ఇచ్చింది. కన్నీళ్ల సినిమా తీయడానికి అన్ని అవకాశాలూ ఉన్న విషయం అది. ఆమె తీసింది ఆలోచనల సినిమా. దళిత విద్యార్థులు అంబేడ్కర్‌ను ఎట్లా చదువుతున్నారు, విశ్వవిద్యాలయం వాళ్లను ఎట్లా చూస్తోంది, ఒకరి మరణం దేశంలోని మిగతా క్యాంపస్‌లను ఎట్లా కదిలించింది అన్నది ఆ పిల్లలే వివరిస్తారు. నిప్పాణి కార్ఖానా స్త్రీల నుంచి ఈ పిల్లల దాకా గీత సూటిగా ఉంది. నా లెక్కలో ఆమె చిత్రాలన్నిటిలోనూ మన తెలుగు కాలేజీ పిల్లలు మొట్టమొదట చూడవలసినది ఇదే.

ఈ పుస్తకంలో నాకు బాగా నచ్చిన ఇంకో గుణం, దీపా ధన్‌రాజ్‌ను ఒంటరి వీరనారిగా నిలబెట్టకపోవడం. ఆమె పని వెనక సంఘాలున్నాయి, స్నేహితురాళ్లున్నారు, ఇన్నేళ్లు కెమెరా పట్టిన జీవిత సహచరుడు నవ్రోజ్ కాంట్రాక్టర్ ఉన్నాడు. దర్శకుడు మణి కౌల్ తీసిన 'దువిధా'కు కెమెరా పట్టిన ఆ చెయ్యే నిప్పాణి దుమ్మునూ, పాతబస్తీ కర్ఫ్యూనూ పట్టింది. ఆయన 2023 జూన్‌లో రోడ్డు ప్రమాదంలో పోయారు. ఆ ఏడాది ఆగస్టులోనే తిరువనంతపురంలో కేరళ అంతర్జాతీయ డాక్యుమెంటరీ చిత్రోత్సవం దీపా ధన్‌రాజ్‌కు జీవన సాఫల్య పురస్కారం ఇచ్చింది. వేరే రాష్ట్రం గుర్తించింది. పుట్టిన నేల ఇంకా గుర్తించవలసి ఉంది.

డాక్యుమెంటరీ పట్టణాల వాళ్ల పని, చదువుకున్నవాళ్ల పని అని అనుకునేవాళ్లకు ఈ పుస్తకం చివరి అధ్యాయం జవాబు చెబుతుంది. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో, పి.వి. సతీష్ నడిపిన డక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీలో, బడి మొగం చూడని దళిత స్త్రీలు కెమెరా పట్టి వరంగల్ బీటీ పత్తి రైతుల నష్టాలను ఏళ్ల తరబడి చిత్రించారు. యుగాంతర్ కెమెరా స్త్రీల పక్కన కూర్చుంది. పస్తాపూర్‌లో కెమెరా ఆ స్త్రీల భుజం మీదికే ఎక్కింది. ఆ రెండో అడుగును కూడా కలిపి రాయడంలో రచయిత్రి చూపు ఎటు ఉందో అర్థమవుతుంది. మా పడమటి పల్లెల్లో సుగ్గికి పోయే స్త్రీల చేతికి కెమెరా ఇవ్వాలన్న ఆలోచన ఆమెకు ఉందని నాతో చెప్పింది. ఆ పని తప్పకుండా జరగాలి.

భాష గురించి ఒక్క మాట. ఇంగ్లీషు సినిమా పుస్తకాల బరువు ఈ రచనలో లేదు. మా సీమ మాటతీరు అక్కడక్కడా తొంగిచూస్తుంది, దాన్ని దిద్దవద్దని ప్రచురణకర్తలకు నేను గట్టిగా చెప్పాను. కొన్ని అధ్యాయాల్లో సినిమా కథ చెప్పడంలో తొందర ఉంది, ఆ సినిమా చూడనివాళ్లకు అందకపోవచ్చు. వయసుతో, ఇంకో నాలుగు పుస్తకాలతో ఆ తొందర తీరుతుంది.

చిరంజీవి రచయిత్రికి నా ఆశీస్సులు. పాఠకులకు నా విన్నపం ఒకటే. ఈ పుస్తకం కొని ఊరుకోకండి. ఇందులో చెప్పిన సినిమాల్లో ఒక్కటైనా సంపాదించి మీ ఊరి బడిలోనో, సంఘం కార్యాలయంలోనో పదిమందిని పిలిచి చూపించండి. చూపించినాక లైట్లు వేసి ఇంటికి పంపకండి, వాళ్లను మాట్లాడనివ్వండి.

మంత్రాలయం